ఇంట్లో సక్యులెంట్లు: మన ఎండలకు, వానలకు తగినవాటిని ఎంచుకోవడం

నర్సరీలో వరుసగా పేర్చిన చిన్న కుండీలలో సక్యులెంట్లన్నీ, అంటే ఆకులలోనో కాండంలోనో నీటిని దాచుకునే మొక్కలన్నీ, ఒకే కుటుంబానికి చెందినట్టు, ఒకే రకం సంరక్షణతో బతికేటట్టు కనిపిస్తాయి. నిజానికి ఆ ఒక్క వరుసలోనే మెక్సికో కొండల మీద పుట్టినది, దక్షిణాఫ్రికాలో పొదల నీడన పెరిగేది, అరేబియా ఎడారి అంచుల నుంచి వచ్చినది, పశ్చిమ ఆఫ్రికా ఉష్ణమండలానికి చెందినది పక్కపక్కనే ఉంటాయి. వీటిలో కొన్ని మన ఎండాకాలంలో ఏపుగా ఎదుగుతాయి, మరికొన్ని అదే ఎండాకాలాన్ని ఊపిరి బిగబట్టుకుని గడుపుతాయి. ఇది తెలియక అన్నింటికీ ఒకే రోజున, ఒకే చెంబుతో నీళ్ళు పోయడం వల్లనే చాలా ఇళ్ళలో వానాకాలం ముగిసేసరికి సగం కుండీలు ఖాళీ అవుతున్నాయి.

"వేసవిలో నీళ్ళు పోయండి, చలికాలంలో ఆపేయండి" అన్న సలహా అంతటా వినిపిస్తుంది. అది మంచు కురిసే దేశాలలో పుట్టిన సలహా. అక్కడి వేసవి పగలు మన జనవరి పగటిలా ఉంటుంది. ఆ లెక్కను యథాతథంగా తెచ్చి మే నెల విజయవాడలో అమలు చేస్తే, నిద్రపోతున్న మొక్క వేళ్ళ చుట్టూ వేడి నీళ్ళు నిలబెట్టినట్టవుతుంది. కాబట్టి మీ ఇంట్లో ఏడాది మొత్తంలో అన్నిటికంటే కష్టమైన కాలం ఏదో ముందుగా గుర్తించి, ఆ కాలాన్ని దాటగలిగే మొక్కనే కొనమని నా సలహా. నర్సరీలో మొక్క అందంగా కనిపించే నెలకూ, మీ ఇంట్లో అది కష్టపడే నెలకూ సాధారణంగా ఆరు నెలల దూరం ఉంటుంది.

ముందుగా చూసుకోవలసినవి

మొదటిది, మొక్క పెరిగే కాలం. మామూలు మొక్కలు పగటిపూట ఆకు రంధ్రాలు తెరిచి కార్బన్ డయాక్సైడ్ తీసుకుంటాయి, ఆ క్రమంలో బోలెడంత నీటిని ఆవిరిగా పోగొట్టుకుంటాయి. సక్యులెంట్లలో చాలావరకు ఆ రంధ్రాలను రాత్రి చల్లదనంలో తెరిచి, తీసుకున్న వాయువును ఆమ్లం రూపంలో ఆకులలో దాచుకుని, పగలు రంధ్రాలు మూసుకుని ఆ నిల్వతో ఆహారం తయారుచేసుకుంటాయి. ఈ ఏర్పాటు సజావుగా సాగాలంటే రాత్రులు చల్లబడాలి. ఎడారులలో, ఎత్తైన కొండలలో పగలు ఎంత కాసినా రాత్రికి చలి పుడుతుంది. మన కోస్తాలో మే నెల రాత్రి కూడా 28, 30 డిగ్రీల దగ్గరే ఆగిపోతుంది, పైగా గాలి నిండా తేమ. కొండ ప్రాంతపు సక్యులెంట్లకు పగటి ఎండ కంటే ఈ చల్లబడని రాత్రులే ఎక్కువ కష్టం. హైదరాబాద్ సముద్రమట్టానికి 500 మీటర్లకు పైగా ఎత్తున ఉండటం వల్ల జూన్ తరువాత అక్కడి రాత్రులు తొందరగా చల్లబడతాయి. గులాబీ పువ్వులా ఆకులు విచ్చుకునే ఎచెవేరియా విశాఖపట్నంలో అతి కష్టం మీద నిలుస్తుంది, అదే హైదరాబాద్‌లో కొంత తేలికగా నిలవడానికి అదొక ముఖ్య కారణం.

రెండవది, మీ బాల్కనీ లేదా కిటికీ దిక్కు. దీని గురించి విదేశీ పుస్తకాలు చెప్పేది మన అక్షాంశాలకు పూర్తిగా వర్తించదు. అక్కడ దక్షిణపు కిటికీ అంటే ఏడాది పొడుగునా ఎండ. మనకు సూర్యుడు మే రెండవ వారం నాటికి హైదరాబాద్ నడినెత్తికి చేరి, ఆగస్టు మొదటి వారం వరకు మధ్యాహ్నవేళ కాస్త ఉత్తరానికే ఒదిగి ఉంటాడు. అందువల్ల పైన స్లాబు ఉన్న దక్షిణపు బాల్కనీలోకి నడివేసవిలో నేరుటెండ దాదాపు రాదు, చలికాలంలో మాత్రం సూర్యుడు దక్షిణానికి వాలి లోపలి గోడ దాకా ఎండ పంపిస్తాడు. చలికాలంలో పెరిగి వేసవిలో నీడ కోరుకునే మొక్కలకు ఇంతకంటే అనువైన చోటు లేదు. తూర్పు బాల్కనీ లేత ఎండనిస్తుంది, దాదాపు అన్నింటికీ సరిపోతుంది. పడమటి బాల్కనీలో ఏప్రిల్, మే నెలల సాయంత్రపు ఎండ గోడను కూడా కాల్చేస్తుంది, రాత్రి పది దాకా ఆ గోడ వేడిని వదులుతూనే ఉంటుంది. ఉత్తరపు కిటికీకి చలికాలంలో నేరుటెండ అసలు అందదు.

మూడవది, వాన, తేమ. తెలంగాణకూ, కోస్తాకూ జూన్ నుంచి సెప్టెంబరు దాకా నైరుతి వానలు ప్రధానం. నెల్లూరు, తిరుపతి వైపు అక్టోబరు నుంచి డిసెంబరు వరకు ఈశాన్య ఋతుపవనాల వానలు, తుఫానులు ముఖ్యం. కాబట్టి "వానాకాలంలో జాగ్రత్త" అన్న మాట నెల్లూరు పాఠకులకు నవంబరు గురించి చెప్పినట్టు. అనంతపురం వంటి చోట వర్షం తక్కువ, గాలి పొడి. ఎండలు గట్టిగానే ఉన్నా కుళ్ళు భయం తక్కువ కావడంతో సక్యులెంట్లకు ఆ ప్రాంతం మేలైనది.

నాలుగవది, ఇంట్లో పాకే పిల్లలు, పిల్లులు, కుక్కలు ఉన్నారా అన్నది. సక్యులెంట్లలో నోట పెట్టినా హాని చేయనివీ ఉన్నాయి, గుండె మీద పనిచేసే విషం ఉన్నవీ ఉన్నాయి. ఈ ఒక్క విషయంలో రాజీ పడకూడదు.

ఒక్క చూపులో

| మొక్క | జోరుగా పెరిగే కాలం | తగిన చోటు | కష్టకాలం | పెంపుడు జంతువులున్న ఇంటికి |
|---|---|---|---|---|
| స్నేక్ ప్లాంట్ | మార్చి–అక్టోబరు | గది లోపలైనా సరే, వెలుగుంటే మేలు | బాగా చలిపడే రాత్రులు | తింటే వాంతులు, దూరంగా ఉంచాలి |
| కలబంద | వానలు మొదలైనప్పటి నుంచి చలికాలం దాకా | ఎండ తగిలే బాల్కనీ | చీకటి గది, నిలవ నీరు | పనికిరాదు |
| చిన్నాకు జేడ్ | దాదాపు ఏడాది పొడుగునా | ఎండ లేదా మంచి వెలుగు | చీకటి గది | హాని లేదు |
| పెద్దాకు జేడ్ | అక్టోబరు–మార్చి | తూర్పు, దక్షిణం | కోస్తా వేసవి, వానలు | పనికిరాదు |
| హవార్థియా | అక్టోబరు–మార్చి | నీడతో కూడిన వెలుగు | ఏప్రిల్–జూన్ | హాని లేదు |
| ఎచెవేరియా | నవంబరు–ఫిబ్రవరి | దక్షిణం, తూర్పు | వేసవీ, వానలూ రెండూ | హాని లేదు |
| అడీనియం | మార్చి–సెప్టెంబరు | డాబా, పడమటి బాల్కనీ | చలికాలం, గది లోపలి నీడ | చాలా ప్రమాదం |

స్నేక్ ప్లాంట్: గది లోపలికి మొదటి ఎంపిక

పశ్చిమ ఆఫ్రికా ఉష్ణమండలానికి చెందిన ఈ మొక్కకు మన వేడి, తేమ రెండూ స్వదేశంలో ఉన్నట్టే ఉంటాయి. వృక్షశాస్త్రజ్ఞులు దీనిని ఇప్పుడు డ్రసీనా ప్రజాతిలో చేర్చారు, నర్సరీలలో మాత్రం పాత పేరు సాన్సెవేరియా ఇంకా వాడుకలో ఉంది. వేసవిలో పది పన్నెండు రోజులకొకసారి, చలికాలంలో మూడు నాలుగు వారాలకొకసారి నీళ్ళు చాలు. ఆకుల నడిమి గుత్తిలో నీళ్ళు నిలవకుండా కుండీ అంచు వెంట పోయాలి. పది డిగ్రీల కంటే తక్కువ చలి దీనికి పడదు కాబట్టి ఆదిలాబాద్ వంటి చోట డిసెంబరు, జనవరి రాత్రులు బాల్కనీలో ఉంచకుండా లోపలికి తెచ్చుకోవాలి.

దీని గురించి "రాత్రిపూట ఆక్సిజన్ ఇస్తుంది, పడకగదిలో పెట్టుకోండి" అని అమ్మేవారు చెబుతారు. ఇది రాత్రి కార్బన్ డయాక్సైడ్ తీసుకోవడం నిజమే. ఆక్సిజన్ వెలువడేది మాత్రం వెలుగు పడినప్పుడే. పడకగదిలో పెట్టుకోవడానికి అభ్యంతరం లేదు, అందుకోసమే రెట్టింపు ధర పెట్టి కొనవలసిన అవసరమూ లేదు. ఇంకొక సంగతి: పసుపు అంచు ఉన్న రకం ఆకును ముక్కలు చేసి నాటితే పుట్టే పిల్లలకు ఆ పసుపు అంచు రాదు, ఉత్త ఆకుపచ్చవే వస్తాయి. అంచు నిలవాలంటే వేరు దుంపతో సహా పిలకను విడదీసి నాటాలి.

చీకటి మూలలో కూడా ఇది చావదు, అంతమాత్రాన అక్కడ పెరుగుతుందనుకోకూడదు. ఏడాదికొక కొత్త ఆకైనా చూడాలంటే కిటికీకి రెండు మూడడుగుల లోపల ఉంచాలి.

కలబంద: తెలిసిన మొక్కే, అయినా తప్పు చోట పెడతాం

గుమ్మానికి దిష్టి కోసం వేళ్ళు పైకి వచ్చేటట్టు కట్టిన కలబంద మట్టి, నీరు లేకుండా నెలల తరబడి పచ్చగా ఉండటం మన ఇళ్ళలో అందరూ చూసినదే. ఆ ఆకులలో ఎంత నీరు నిల్వ ఉంటుందో దానిని బట్టే తెలుస్తుంది. కరవును అంతగా తట్టుకునే ఈ మొక్క వెలుగు లేకపోతే మాత్రం తట్టుకోదు. వంటగది గట్టు మీద, హాలు మధ్యలో పెడితే ఆకులు పలచబడి, పొడుగ్గా సాగి, పక్కలకు వాలిపోతాయి. కనీసం మూడు నాలుగు గంటల ఎండ పడే బాల్కనీ ఉంటేనే దీనిని తీసుకోవాలి.

నడివేసవి ఎండలో ఆకులు ఎర్రగా, గోధుమరంగుగా మారితే కంగారు పడనక్కరలేదు, అది ఎండను తట్టుకునే తీరు. వానలు పడగానే మళ్ళీ పచ్చబడి, చుట్టూ పిలకలు వేస్తుంది. పిలకలు కుండీని నింపేశాక తల్లి మొక్క బక్కచిక్కుతుంది కాబట్టి ఏడాదికొకసారి, వానలు తగ్గాక, వాటిని విడదీయడం మంచిది. గుజ్జు కోసం పెంచేవారు చిన్న కుండీతో తృప్తిపడకూడదు. ఆకు కోసినప్పుడు కారే పసుపు రసాన్ని పూర్తిగా కారనిచ్చి కడగాలి, ఎందుకంటే విరేచనాలు కలిగించేది ఆ రసమే.

రెండు జేడ్‌లు, ఒకే పేరు

మన నర్సరీలలో జేడ్ అని అడిగితే ఎక్కువగా ఇచ్చేది పోర్చులకేరియా, అంటే పట్టికలోని చిన్నాకు జేడ్. చిన్న గుండ్రని ఆకులు, సన్నని ఎర్రగోధుమరంగు కొమ్మలు దాని గుర్తు. అసలు జేడ్ అనిపించుకునే క్రాసులాకు, అంటే పెద్దాకు జేడ్‌కు, ఆకులు పెద్దవి, నున్ననివి, కాండం లావు. రెండూ దక్షిణాఫ్రికావే అయినా ఒకదానితో ఒకటి దగ్గరి బంధుత్వం లేదు, మన ఋతువులలో వాటి ప్రవర్తన అంతకంటే భిన్నం.

పోర్చులకేరియాను దాని స్వదేశంలో ఏనుగులు మేస్తాయి, విరిగి నేలపడిన కొమ్మ అక్కడే వేళ్ళు వేసుకుని మళ్ళీ చెట్టవుతుంది. నీరు దొరికినప్పుడు మామూలు మొక్కలా పగలు, దొరకనప్పుడు సక్యులెంట్‌లా రాత్రి వాయువు తీసుకోగలగడం దీని ప్రత్యేకత. ఆ వెసులుబాటు ఉండటం వల్లనే మన వేసవినీ, ఒక మోస్తరు వాననూ రెండింటినీ సహిస్తుంది. కత్తిరింపుకు చక్కగా లొంగుతుంది కాబట్టి బోన్సాయ్ నేర్చుకునేవారికి ఇది మంచి తొలి మొక్క. పిల్లికి, కుక్కకు హాని చేయదు. ఈ జాబితాలో ఒకే ఒక్క మొక్క కొనుక్కుంటామనే వారికి, బాల్కనీ ఉంటే, నేను చెప్పేది దీనినే.

క్రాసులా మందంగా, హుందాగా ఉంటుంది, ఏళ్ళు గడిచేకొద్దీ చిన్న చెట్టులా కనిపిస్తుంది. కానీ వేసవిలో పెరుగుదల ఆపేస్తుంది, ఆ సమయంలో నీళ్ళు ఎక్కువైతే కాండం మొదట్లో మెత్తబడి ఒక్కసారిగా వాలిపోతుంది. కోస్తాలో దీనిని మార్చి చివర నుంచి నీడకు చేర్చి, నీళ్ళు బాగా తగ్గించి, వానలు తగలకుండా పెంచగలిగినవారే తీసుకోవాలి. ఆన్‌లైన్‌లో కొనేటప్పుడు పేరును నమ్మకుండా ఫోటోలో ఆకు పరిమాణం, కొమ్మ రంగు చూసి తెప్పించుకోవాలి.

హవార్థియా: ఎండ తక్కువ ఉన్నవారికి

సక్యులెంట్ అంటే ఎండ కావాలన్న అభిప్రాయానికి ఇది మినహాయింపు. దక్షిణాఫ్రికాలో పొదల కింద, రాళ్ళ పక్కన నీడలో పెరుగుతుంది. కొన్ని రకాలలో ఆకు చివర గాజులా పారదర్శకంగా ఉండి, అక్కడి నుంచి వెలుగు ఆకు లోపలికి దిగుతుంది. తెల్ల చారలున్న రకం మన దగ్గర సులువుగా దొరుకుతుంది, అందరికంటే ఓర్పున్నదీ అదే. అరచేతిలో పట్టేంత మొక్క కావడంతో చదువుకునే బల్ల మీద, తూర్పు కిటికీ గట్టు మీద సరిగ్గా ఇముడుతుంది.

ఏప్రిల్ నుంచి వానలు స్థిరపడేదాకా ఇది విశ్రాంతిలో ఉంటుంది. పాత వేళ్ళలో కొన్ని ఎండిపోయి కొత్తవి వస్తుంటాయి కాబట్టి ఆ సమయంలో తరచూ నీళ్ళు పోస్తే తాగడానికి వేళ్ళే ఉండవు. రెండు వారాలకొకసారి కొద్దిగా తడిపితే చాలు. మొక్క ముడుచుకుని ఆకులు దగ్గరకు చేరడం దాహం కాదు, నిద్ర. అక్టోబరులో కొత్త ఆకు లేత రంగులో నడిమి నుంచి వస్తున్నప్పుడు నీళ్ళు పెంచాలి, మట్టి మార్చడానికీ అదే తగిన సమయం. ఆకులు ఎర్రబారుతుంటే వెలుగు ఎక్కువైందని, సన్నబడి విచ్చుకుపోతుంటే తక్కువైందని అర్థం.

ఎచెవేరియా: అందరూ కోరుకునేది, అందరికీ నిలవనిది

గులాబీ పువ్వులా విచ్చుకున్న ఆకులు, అంచున లేత గులాబీ రంగు, పైన బూడిద పూసినట్టు తెల్లని పొర ఉండటంతో ఫోటోలలో మొదట మనసు దోచేది ఇదే. మెక్సికో కొండలు దీని పుట్టిల్లు. పద్దెనిమిదవ శతాబ్దపు మెక్సికో వృక్ష చిత్రకారుడు అటనాసియో ఎచెవెరియా పేరు దీనికి పెట్టారు. బెంగళూరు వాతావరణం దీనికి బాగా నప్పుతుంది. కాలింపోంగ్ వంటి కొండ ఊళ్ళలో పెంచిన మొక్కలు కూడా మన నగరాలకు వస్తుంటాయి. చల్లని చోట బొద్దుగా పెరిగిన మొక్కను మార్చిలో కొని తెచ్చుకుంటే, అది కుదురుకునే లోపే ఎండలు ముదురుతాయి. అమ్మినవారు మోసం చేశారని అనుకోవడం కంటే, కొన్న నెల సరైనదా అని చూసుకోవాలి. ఎచెవేరియాను దీపావళి తరువాత కొనాలి.

నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా నాలుగైదు గంటల ఎండ, మట్టి పూర్తిగా ఆరాక ఒక్కసారి కుండీ అడుగు నుంచి కారేదాకా నీళ్ళు, ఇంతే దీనికి కావలసినది. రాత్రి చలికి ఆకు అంచుల రంగు చిక్కబడుతుంది, ఆ నాలుగు నెలలూ దీని అందానికి సాటి లేదు. శివరాత్రికి చలి శివశివా అంటూ వెళ్ళిపోతుందంటారు. ఆ పండుగనే గుర్తుగా పెట్టుకుని మొక్కను నేరుటెండ నుంచి తప్పించి, 50 శాతం నీడనిచ్చే వల కిందకో, దక్షిణపు బాల్కనీ స్లాబు కిందకో చేర్చాలి. రోళ్ళు పగిలే రోహిణి కార్తె వచ్చేసరికి నీళ్ళు నెలకు రెండు మూడు సార్లకు మించకూడదు, అదీ పొద్దుపోయాక, మట్టి చల్లబడిన తరువాత. గాలి ఆడేలా ఫ్యాన్ తగిలే చోట ఉంచితే మేలు. ఆకుల మీది తెల్లని పొరను తుడవకూడదు. అది ఎండ నుంచి కాపాడే కవచం, ఒకసారి పోతే ఆ ఆకు మీద మళ్ళీ రాదు.

వానాకాలం రెండవ పరీక్ష. ఆకుల నడుమ నీరు నిలిచి, పైన మబ్బు పట్టి, గాలి తడిగా ఉంటే రెండు రోజులలో మొక్క నడిమి భాగం నల్లబడుతుంది. అందుకే అడుగున ఎండిన ఆకులను ఎప్పటికప్పుడు తీసేయాలి, రసం పీల్చే తెల్లని పురుగు పిండినల్లి కూడా వాటి కిందనే దాక్కుంటుంది. విజయవాడ, రాజమండ్రి, కాకినాడ, విశాఖ పాఠకులకు నా స్పష్టమైన అభిప్రాయం: దీనిని చలికాలపు మొక్కగా భావించి, అక్టోబరు, నవంబరులలో నాలుగైదు ఆకులు విడదీసి మట్టి మీద పరిచి పిల్లలను తయారుచేసుకుంటూ ఉండగలిగితే పెంచండి. ఏడాదంతా ఒకే తీరుగా కనిపించాలనుకుంటే వద్దు.

అడీనియం: ఎండే ఆహారం

ఎడారి గులాబీ అని పిలిచే దీనికి పడమటి బాల్కనీ, డాబా, మేడ మెట్ల పక్కన ఎండ కాచే చోటు కావాలి. రోజుకు ఆరు గంటల నేరుటెండ లేని చోట పువ్వు ఆశించకూడదు. మిగిలిన సక్యులెంట్లు నీళ్ళు వద్దనే మే నెలలో ఇది రోజు విడిచి రోజు, చిన్న కుండీ అయితే రోజూ తాగుతుంది, గుత్తులుగా పూస్తుంది. చలికాలంలో ఆకు రాల్చడం సహజం. అప్పుడు నీళ్ళు దాదాపు ఆపేసి, ఫిబ్రవరి చివర కొమ్మలు కత్తిరించి, కొత్త చిగురు కనిపించాక మొదలుపెట్టాలి. దుంపలాంటి మొదలును వేలితో నొక్కితే గట్టిగా ఉండాలి. మెత్తగా లోపలికి పోతే కుళ్ళు మొదలైనట్టు, వెంటనే కుండీలోంచి తీసి, కుళ్ళినంత మేర కోసి, నీడలో వారం రోజులు ఆరబెట్టాలి. ఎడతెగని వానలలో చూరు కిందకు జరపాలి.

దీని రసం గుండె మీద పనిచేసే విషం. ఆఫ్రికాలో బాణాలకు పూసేవారు. కత్తిరించేటప్పుడు చేతికి తొడుగు వేసుకోవాలి, కంటికి తగలనివ్వకూడదు. పాకే పిల్లలు, మొక్కలు నమిలే పెంపుడు జంతువులు ఉన్న ఇంట్లో ఎంత ఎండ ఉన్నా ఇది వద్దు.

బహుమతిగా వచ్చే పూల కలంచోను ఇక్కడ విడిగా చర్చించడం లేదు. రాత్రులు పొడుగైనప్పుడే అది మొగ్గ వేస్తుంది, కాబట్టి వీధి దీపం వెలుగు రాత్రంతా పడే బాల్కనీలో మళ్ళీ పూయకపోతే మొక్కను తప్పుపట్టకూడదు. అదీ పిల్లులకు, కుక్కలకు విషమే.

కుండీ, మట్టి, నీరు: ఇక్కడా ఎంపిక ఉంది

కాల్చిన మట్టి కుండీ గోడల నుంచి కూడా తడి ఆరుతుంది. కోస్తాలోనూ, వానకు దగ్గరగా ఉండే బాల్కనీలలోనూ ఎచెవేరియా, హవార్థియా, పెద్దాకు జేడ్‌లకు ఇదే సరైనది. ప్లాస్టిక్ కుండీ తడిని నిలుపుతుంది. అనంతపురం, రామగుండం వంటి చోట్ల, లేదా తరచూ ఊళ్ళు తిరిగేవారికి, స్నేక్ ప్లాంట్, అడీనియం ప్లాస్టిక్‌లో బాగుంటాయి. నల్ల ప్లాస్టిక్ మీద నేరుగా ఎండ పడితే వేళ్ళు ఉడికిపోతాయి కాబట్టి దానిని మరో కుండీలో దింపాలి. అడుగున రంధ్రం లేని పింగాణీ గిన్నెలు ఎంత అందంగా ఉన్నా తీసుకోకూడదు. కింద గులకరాళ్ళు వేస్తే సరిపోతుందన్నది నిజం కాదు, నీరు ఆ రాళ్ళ పైన మట్టిలోనే నిలుస్తుంది.

కడియం నర్సరీల నుంచి వచ్చే మొక్కలు చాలాసార్లు బంకమట్టి సంచులలోనో, కొబ్బరి పొట్టులోనో ఉంటాయి. బంకమట్టి ఆరదు, కొబ్బరి పొట్టు తడిని ఎక్కువకాలం పట్టి ఉంచుతుంది. తెచ్చిన పది పదిహేను రోజులకు, వేసవి కాకపోతే, మట్టి మార్చడం మంచిది. ఎర్రమట్టి, బాగా మాగిన ఎరువు కలిపి ఒక వంతు, ముతక ఇసుక, చిన్న ఇటుక ముక్కలు, పెర్లైట్ (తేలికైన తెల్లని రాతి గుళికలు) వంటివి కలిపి రెండు వంతులు తీసుకోవాలి. స్నేక్ ప్లాంట్‌కు, అడీనియంకు సగం సగం చాలు. నల్లరేగడి, సముద్రపు ఇసుక వాడకూడదు.

నీటి విషయంలో ఎక్కువమంది గమనించనిది ఉప్పు. బోరు నీటితో కుండీ అంచున తెల్లని పొర కట్టడం మీరు చూసే ఉంటారు. ఆర్‌ఓ యంత్రం వదిలే నీటిలో ఆ లవణాలు ఇంకా ఎక్కువ, వృథా కాకూడదని దానిని సక్యులెంట్లకు పోస్తే వేళ్ళ చివరలు మాడతాయి. వానాకాలంలో బకెట్‌తో పట్టిన వాననీటిని మబ్బు విడిచిన రోజున, కుండీ అడుగు నుంచి ధారాళంగా కారేలా ఒకసారి పోస్తే పేరుకున్న ఉప్పు చాలావరకు కొట్టుకుపోతుంది. ఎప్పుడు పోయాలో తేల్చుకోవడానికి తేదీలు పనికిరావు. చీపురుపుల్లను అడుగుదాకా గుచ్చి తీసినప్పుడు మట్టి అంటకుండా పొడిగా వస్తేనే పోయాలి.

ఎవరికి ఏది

హైదరాబాద్ అపార్ట్‌మెంట్‌లో దక్షిణపు బాల్కనీ ఉన్నవారు అదృష్టవంతులు, ఈ జాబితాలో అడీనియం తప్ప అన్నీ పెట్టుకోవచ్చు. తూర్పు బాల్కనీకి చిన్నాకు జేడ్, కలబంద, గట్టు లోపలి వైపు హవార్థియా. పడమరకు అడీనియం, చిన్నాకు జేడ్, ఎండ తగలని మూలలో స్నేక్ ప్లాంట్. అదే బాల్కనీలో ఏసీ బయటి యూనిట్ ఉంటే, దాని వేడి గాలి తగిలే దారిలో ఏ మొక్కనూ ఉంచకూడదు.

కోస్తాలో కిటికీలే తప్ప బాల్కనీ లేనివారికి స్నేక్ ప్లాంట్, చారల హవార్థియా చాలు. ఈ రెండే పెట్టుకుని మూడో దానికి ఆశపడకపోవడం మంచిది. పిల్లి ఉన్న ఇంటికి చిన్నాకు జేడ్, హవార్థియా, చల్లని ఊరైతే ఎచెవేరియా. నెలలో సగం రోజులు ఊళ్ళో ఉండనివారికి స్నేక్ ప్లాంట్, కలబంద. రోజూ మొక్కల దగ్గర గడపాలని, నీళ్ళు పోయాలని చేయి ఆగనివారికి ఈ జాబితాలో ఎండాకాలపు అడీనియం ఒక్కటే తగినది. ఆ శ్రద్ధ హవార్థియా మీద చూపిస్తే అది నిలవదు.

అమెరికా ఉత్తర రాష్ట్రాలలో, బ్రిటన్‌లో, కెనడాలో ఉన్న తెలుగువారికి ఇక్కడ చెప్పిన లెక్క తిరగబడుతుంది. అక్కడ కష్టకాలం నవంబరు నుంచి మార్చి. బయట గడ్డకట్టే చలి, లోపల హీటర్ పొడి గాలి, నడిచలికాలంలో పగటి వెలుగు ఎనిమిది తొమ్మిది గంటలే. పైన మనకు కష్టమన్న ఎచెవేరియా, పెద్దాకు జేడ్ అక్కడి వేసవిలో ఆరుబయట హాయిగా పెరుగుతాయి. రాత్రి చలి పది డిగ్రీలకు దిగకముందే లోపలికి తెచ్చి దక్షిణపు కిటికీలో, నీళ్ళు బాగా తగ్గించి ఉంచాలి. ఇక్కడి అమ్మగారింట్లో మేలో విరగబూసే అడీనియం అక్కడ పెంచాలంటే మొక్కల దీపం లేకుండా చలికాలం దాటించడం కష్టం.

ఏది ఎంచుకున్నా కొనే రోజున కాండం మొదలును తడిమి చూడాలి, ఆకుల సందులలో దూదిలాంటి తెల్లని పిండినల్లి ఉందేమో వెతకాలి. ఇంటికి తెచ్చాక రెండు వారాలు మిగతా మొక్కలకు దూరంగా ఉంచాలి. పిండినల్లి కనిపిస్తే లీటరు నీటికి ఐదు మిల్లీలీటర్ల వేపనూనె, కొన్ని చుక్కల సబ్బు నీరు కలిపి సాయంత్రం పూట పిచికారీ చేయాలి. ఎచెవేరియా మీద మాత్రం నూనె పడితే తెల్లని పొర పోతుంది కాబట్టి, దాని విషయంలో దూదిపుల్లను స్పిరిట్‌లో ముంచి ఒక్కొక్క పురుగునే తుడిచి తీయాలి.